ఏడోసారి గేటు దాటినప్పుడు

మా హ్వాషూగౌ కాగితం మిల్లులో నా ఉద్యోగం మైకు గదిలో. పొద్దున ఆరున్నరకి పాట పెట్టడం, షిఫ్టు మారేటప్పుడు హెచ్చరించడం, ఎవరింట్లోనైనా బిడ్డ పుడితే ఆ కబురు, ఎవరైనా పోతే ఆ కబురు, అన్నీ నా గొంతులోంచే ఊరికి చేరేవి. చెవులు కాస్త పెద్దవి కావడంతో అందరూ నన్ను చెవుల పాంగ్ అనేవాళ్ళు. ఇప్పటికీ అంతే. తోంగ్ లిన్‌షాన్ తీసిన సినిమాలన్నిటికీ శబ్దం పట్టింది నేనే. అన్నీ అంటే పెద్ద లెక్కేం కాదు, రెండు.

లిన్‌షాన్ నాన్న మిల్లు బాయిలర్‌లో బొగ్గు వేసేవాడు. మాకంతా మిల్లు క్వార్టర్లే. వేసవిలో మిల్లు ఆవరణలో తెర కట్టి సినిమా వేసేవాళ్ళు. ముందు చోటు దొరక్క లిన్‌షాన్ ఎప్పుడూ తెర వెనక్కి పోయి కూర్చుని, కుడి ఎడమైన బొమ్మ చూసేవాడు. వాడికి ఏడేళ్ళప్పుడు ఒకరోజు వాళ్ళ నాన్నని అడిగాడట, "మన సైనికులంతా ఎడమచేతి వాటమేనా నాన్నా?" అని. ఆ మాట చెప్పుకుని బాయిలర్ గదంతా ఏడాదిపాటు నవ్వింది.

బీజింగ్‌లో సినిమా బడికి రెండుసార్లు పరీక్ష రాసి తప్పాడు. మూడోసారి సీటొచ్చింది. చదువయ్యాక పట్నం స్టూడియోలో ఉద్యోగం వేశారు. ఆ రోజుల్లో ఆ స్టూడియోలో సినిమాలే తియ్యడం లేదు. ఆరేళ్ళు పెద్ద దర్శకుల వెనక టీ ఫ్లాస్కు మోశాడు. స్క్రిప్టులు రాసిచ్చేవాడు, రాసినవి రాసినట్టే తిరిగొచ్చేవి. చివరికి ఒక చలికాలం దగ్గుతో, కాడ విరిగితే దారం చుట్టిన కళ్ళజోడుతో ఇంటికొచ్చేశాడు. అప్పటికి మా మిల్లు కూడా దగ్గుతూనే ఉంది.

తొంభై ఎనిమిది చివర్లో మిల్లు మూసేస్తున్నట్టు తేలిపోయింది. ఇళ్ళకి పోవాల్సినవాళ్ళ పేర్లు మైకులో చదవమని నాకిచ్చారు. పదకొండు వందల పేర్లు. రెండు పొద్దుటిపూటలు పట్టింది. రెండో రోజు చిట్టచివరి పేరు నాది. అదీ నేనే చదివాను. చదివేసి మైకు కట్టేసి, ఆ కుర్చీలో ఎంతసేపు కూర్చున్నానో నాకు తెలీదు. తలుపు దగ్గర లిన్‌షాన్ నిలబడి ఉన్నాడు.

"పాంగ్, ఆ టేపురికార్డరు మిల్లుదా, నీదా?" అన్నాడు.

"మిల్లుది."

"ఇక మిల్లే లేదుగా. ఆఖరి రోజు జనం గేటు దాటడం తీద్దామనుకుంటున్నా. నువ్వు శబ్దం పట్టు."

అనుమతి లేదు, కాగితం లేదు. పట్నం స్టూడియో స్టోరులో ఉండే ముసలాయనకి రెండు సీసాల జొన్న సారా ఇచ్చి పాత కెమెరా ఒకటి, గడువు దాటిన ఫిల్ము కొంత తెచ్చాడు. ఆఖరి రోజు మధ్యాహ్నం రెండింటికి కూత కూసింది. సున్నాకి ఇరవై ఎనిమిది డిగ్రీలు కింద. గేటులోంచి జనం రావడం మొదలైంది. చేతుల్లో ఎనామిల్ మగ్గులు, టిఫిన్ డబ్బాలు, రబ్బరు బూట్లు. ఒకామె కూర్చునే పీట పట్టుకెళ్తోంది. కెమెరా నలభై సెకన్లు తిరిగింది. తర్వాత లోపల టక్కుమంది. చలికి ఫిల్ము ఎండిన సేమ్యాలా విరిగిపోయింది. లిన్‌షాన్ చేతి తొడుగులు పీకేసి మూత తెరిచాడు. వేళ్ళ చర్మం ఇనుముకి అంటుకుపోయింది. మళ్ళీ ఎక్కించాడు, మళ్ళీ విరిగింది. జనం వాడి పక్కనుంచే నడిచి వెళ్ళిపోతున్నారు. ఇరవై నిమిషాల్లో గేటు ఖాళీ అయింది.

నేను రికార్డరు కోటులోపల పొట్టకి ఆనించి పెట్టుకున్నాను. అది మాత్రం ఆగలేదు.

"శబ్దం వచ్చింది," అన్నాను.

"ఏం శబ్దం?"

"బూట్ల కింద మంచు. దగ్గులు. ఎవరూ మాట్లాడలేదు."

వాడు రక్తం కారుతున్న వేళ్ళు నోట్లో పెట్టుకుని, "శబ్దాన్ని నేనేం చేసుకోనురా?" అన్నాడు. అక్కడే మంచులో గొంతుక్కూర్చుండిపోయాడు.

మూడు వారాల తర్వాత చలి కొంచెం తగ్గింది. లిన్‌షాన్ క్వార్టర్లలో తలుపు తలుపూ తట్టాడు. "ఇంకోసారి గేటులోంచి నడవండి, అంతే," అన్నాడు. రెండొందల మంది వచ్చారు. ఇంట్లో కూర్చుని చేసేదేముంది మరి.

"తిండి పెడతావా?" అని అడిగారు.

"ఆవిరి బన్నులు, క్యాబేజీ పులుసు."

"అయితే సరే. ఉద్యోగం ఊడి బయటికి రావడంలో మాకు మంచి అనుభవం ఉందిలే, బాగా చేస్తాం."

గుజ్జు విభాగంలో చేసిన లావాటి ఆవిడొకరు, "ఒరేయ్ లిన్‌షాన్, ఎటునుంచి తీస్తే నేను సన్నగా పడతాను?" అంది. "వెనకనుంచి, అదీ పొగమంచులో," అని ఎవరో అందుకున్నారు. గేటు దగ్గర అంత నవ్వు విని చాలా కాలమైంది.

ఒక్క ల్వాన్ మేస్త్రీ మాత్రం రానన్నాడు. మూడో నంబరు కాగితం యంత్రం ఆయనది. ముప్ఫై ఒక్క ఏళ్ళు దాని పక్కనే బతికాడు. యంత్రం పాడైతే చెయ్యి ఆనించి, ఏ రోలర్‌లో జబ్బుందో చెప్పేవాడు. లిన్‌షాన్ వాళ్ళ నాన్నకి ప్రాణస్నేహితుడు. చిన్నప్పుడు వీణ్ణి భుజాలమీద మోసిన మనిషి. ఆయన ముందుండి నడవకపోతే ఆ నడకకి అర్థం లేదని లిన్‌షాన్ పట్టుదల. నన్ను వెంటపెట్టుకుని వాళ్ళింటికి వెళ్ళాడు. మేస్త్రీ కింద పొయ్యి సెగతో కాగే ఇటుకల అరుగు మీద కూర్చుని బూటు అడుగు కుట్టుకుంటున్నాడు.

"ఒకసారి పొమ్మన్నారు, పోయాను. మళ్ళీ పొమ్మనడానికి నువ్వెవడివిరా?" అన్నాడు తలెత్తకుండానే.

"నటనే కదా బాబాయ్."

"నాకు నటన రాదు. నేను గేటు దాటితే దాటినట్టే."

లిన్‌షాన్ నేలమీద మోకాళ్ళు ఆనించాడు. మేస్త్రీ సూది ఆపి వాణ్ణి చూశాడు, నన్ను చూశాడు. వంటింట్లోంచి ఆయన భార్య వచ్చింది. మేమామెని పిన్నీ అనేవాళ్ళం.

"పిల్లాడు మోకాళ్ళ మీద పడ్డాడయ్యా, చూస్తావేంటి! వెళ్ళిరా. ఇంట్లో కూర్చుని గోడలకేసి చూసి ఏం సాధిస్తున్నావు? నా ప్రాణానికైనా ఒక పూట సుఖం."

మర్నాడు ఆయన వచ్చాడు. గడ్డం గీసుకుని, మిల్లు నీలం కోటు వేసుకుని వచ్చాడు.

మిల్లు కొన్నవాళ్ళు కొత్త కాపలావాళ్ళని పెట్టారు. ఎక్కడి కుర్రాళ్ళో, మాలో ఎవరినీ ఎరగరు. ఆవరణలో మధ్యాహ్నం దాకా తీసుకోండి, షెడ్లలోకి మాత్రం వెళ్ళొద్దన్నారు. మొదటిసారి నడకలో ఎవరో నవ్వారు. రెండోసారి కుక్క అడ్డమొచ్చింది. మూడోసారి ఒకతను కెమెరాకి చెయ్యూపాడు. ఒకసారి బ్యాటరీ, ఒకసారి మబ్బు, ఇంకోసారి ఏంటో నాకు గుర్తులేదు. ప్రతిసారీ రెండొందల మంది వెనక్కి గేటులోపలికి పోవాలి, మళ్ళీ బయటికి రావాలి. ఆరుసార్లూ మేస్త్రీ చెప్పినట్టే చేశాడు. ముందువరసలో నడిచాడు, వెనక్కి వెళ్ళాడు.

ఏడోసారి గేటు దాటి పది అడుగులు వేశాక ఆగిపోయాడు. వెనక్కి తిరిగాడు. వచ్చేవాళ్ళని తోసుకుంటూ లోపలికి నడిచాడు. ఇది కూడా సినిమాలో ఉందేమో అనుకుని జనం పక్కకి తప్పుకున్నారు. లిన్‌షాన్ కెమెరా భుజాన వేసుకుని వెంటపడ్డాడు. వాడి వెనక నేను, మైకు పట్టుకుని.

మూడో నంబరు షెడ్డు తలుపుకి అంటించిన సీలు కాగితం మేస్త్రీ గోటితో చించాడు. లోపల యంత్రం చల్లగా పడుంది. తడి కాగితాన్ని మోసే ఫెల్టు గుడ్డ కోసి తీసుకెళ్ళిపోయారు అప్పటికే. ఆయన జేబులోంచి నూలు పీచు తీశాడు. మొదటి రోలర్ తుడవడం మొదలుపెట్టాడు. తుడిచి, రెండోదానికి వెళ్ళాడు.

కాపలావాళ్ళు ఇద్దరు పరిగెత్తుకొచ్చారు. "ఏయ్ తాతా, బయటికి నడు," అన్నారు. ఆయన యంత్రం కమ్మీ పట్టుకున్నాడు. ఒకడు నడుం పట్టి లాగాడు. ఇంకొకడు ఒక్కొక్క వేలూ విడదీశాడు. టోపీ కింద పడింది. నెత్తిమీద జుట్టు ఎంత పలచబడిందో ఆ రోజు చూశాను. లాక్కెళ్తుంటే కాళ్ళు నేలమీద ఈడ్చుకుపోయాయి. అప్పుడు మమ్మల్ని చూశాడు.

"ఆపరా లిన్‌షాన్," అన్నాడు. "ఆపు."

నేను లిన్‌షాన్ వైపు చూశాను. వాడు కెమెరాలోంచి కన్ను తియ్యలేదు. వాడు ఆపలేదని నేనూ ఆపలేదు. నిజం చెప్పాలంటే, ఆయన ఊపిరి బాగా వినబడాలని మైకు ఇంకాస్త ముందుకు చాచాను.

తర్వాత గేటు దగ్గర మేస్త్రీ టోపీ దుమ్ము దులిపి పెట్టుకుని ఒక్కడే ఇంటికి వెళ్ళిపోయాడు. బన్ను తినలేదు. సాయంత్రం నేను లిన్‌షాన్ని అడిగాను, ఎందుకు ఆపలేదని.

"ఆపాలనే అనుకున్నా. చెయ్యి కదల్లేదు," అన్నాడు. ఫిల్ము డబ్బాకి టేపు చుడుతూ, "బాగా వచ్చింది కదూ?" అన్నాడు. వెంటనే మొహం తిప్పేసుకున్నాడు.

సినిమా పూర్తయ్యేసరికి ఏడాదిన్నర పట్టింది. గేటు నడకకి మొదటి రోజు శబ్దమే వేశాడు. అందుకని తెరమీద జనం పెదాలు కదుపుతూ ఏదో మాట్లాడుకుంటూ నవ్వుకుంటూ ఉంటారు, వినిపించేది మాత్రం బూట్ల కింద మంచూ దగ్గులూ. బీజింగ్‌లో ఒక విదేశీయుడు ఆ సినిమా చూసి, ఫిల్ము డబ్బా పెట్టెలో పెట్టుకుని తీసుకెళ్ళాడు. ఎక్కడో సరస్సు పక్కనున్న ఊళ్ళో సినిమా పండగలో దానికి పెద్ద బహుమతి వచ్చింది. లిన్‌షాన్ అరువు సూటు వేసుకుని వెళ్ళాడు. ఆ పెదాలకీ శబ్దానికీ పొంతన లేకపోవడం గొప్ప సాహసమని అక్కడివాళ్ళు రాశారట. వేదికమీద వాడు నిజం చెప్పేశాడు: "ఆ రోజు చలికి కెమెరా పనిచెయ్యలేదు, అంతే." పక్కనున్న దుబాసీ అమ్మాయి దాన్ని చాలా పొడుగ్గా చెప్పింది. హాలంతా చప్పట్లు. ఏం చెప్పావమ్మా అని తర్వాత అడిగితే, "మీ సినిమాలో చలి కూడా ఒక పాత్రే అన్నాను, బాగుందా?" అందట.

భోజనాల దగ్గర ఎవరో కాగితాలు తెచ్చారు. సినిమాని దేశదేశాల్లో చూపిస్తామన్నారు. అందులో ఒక్క అక్షరమూ వాడికి తెలీదు. చూపించిన చోటల్లా సంతకం పెట్టాడు. "జీవితంలో మొదటిసారి నన్నెవరో సంతకం అడిగారురా," అన్నాడు నాతో.

తిరిగొచ్చాక సర్కారు ఆఫీసునుంచి పిలుపొచ్చింది. అనుమతి లేకుండా సినిమా తీసి బయటికి పంపినందుకు అయిదేళ్ళు కెమెరా ముట్టకూడదన్నారు, పాస్‌పోర్టు ఉంచేసుకున్నారు. చెప్పిన అధికారి మర్యాదస్తుడు. టీ కూడా ఇచ్చాడు. "నా మటుకు నాకు మీ సినిమా నచ్చింది," అన్నాడట.

"చూశారా?"

"భలేవారే, చూడకూడదు కదా."

ఊళ్ళో మాత్రం చూశారు. చేపల బజారు చివర డిస్కులమ్మే కొట్టుంది. ఒకరోజు అక్కడ మా సినిమా కనిపించింది. అట్టమీద ఎవరో అమ్మాయి సగం బట్టలతో నిలబడి ఉంది. పేరు కూడా మార్చేసి 'గేటు వెనక సుందరి' అని పెట్టారు. లిన్‌షాన్ మొహం పాలిపోయింది.

"ఇవి ఎన్నున్నాయి?" అన్నాడు కొట్టువాడితో.

"పన్నెండు."

"అన్నీ ఇచ్చెయ్."

"అంత బాగుంటుందా అన్నా? ఆ సుందరి కోసం చివరిదాకా చూశా, రానే లేదు. ఒక ముసలాణ్ణి ఈడ్చుకెళ్ళే చోట మాత్రం మెలకువొచ్చింది."

ఇంటికి తెచ్చి పన్నెండూ విరగ్గొట్టాడు. మరుసటి వారం వెళ్తే కొట్టువాడు ఎదురొచ్చి మరీ చెప్పాడు, "అన్నా, నీకోసమే నలభై తెప్పించా!" అవీ కొన్నాడు. ఆ తర్వాత వారం పక్క కొట్లో కూడా పెట్టారు. "నువ్వు కొంటున్నకొద్దీ వాళ్ళు తెప్పిస్తార్రా, ఊరుకో," అని చెయ్యి పట్టుకుని లాక్కొచ్చాను. చైనాలో ఎక్కడా చూపించకూడని సినిమా చైనాలో ప్రతి బజారులోనూ ఉంది. తీసినవాడు ఆపలేడు, వద్దన్నవాళ్ళూ ఆపలేరు.

మావాళ్ళ నోరు మంచిది కాదు, నవ్వడానికేదో ఒకటి కావాలి. సారా పోస్తుంటే గ్లాసుమీద చెయ్యి పెట్టి "ఆపరా లిన్‌షాన్, ఆపు" అనడం ఊళ్ళో వాడుకైపోయింది. పేకాటలో, బస్సు దిగేటప్పుడు, క్షురకుడి కుర్చీలో, ఎక్కడపడితే అక్కడ అదే మాట. ఊరందరూ కలిసి స్నానం చేసే స్నానాల ఇంట్లో మేస్త్రీ నీళ్ళలోకి దిగగానే ఒకడు, "జరగండ్రోయ్, హీరోగారొచ్చారు," అన్నాడు. అంత వేడినీళ్ళ పొగలోనూ ఆయన చెవులు ఎర్రబడ్డం నేను చూశాను. ఆ రోజునుంచి ఆయన స్నానాల ఇంటికి రాలేదు. ఇంట్లోనే బేసిన్లో నీళ్ళు పెట్టుకుని తుడుచుకునేవాడు.

లిన్‌షాన్ వెళ్ళి తలుపు తట్టాడు. మేస్త్రీ తెరిచి గుమ్మంలోనే నిలబడ్డాడు.

"తిట్టు బాబాయ్. కొట్టు."

"కొడితే ఏమొస్తుందిరా," అన్నాడు ఆయన. "నువ్వేం చెయ్యగలవులే. ఊళ్ళో ఎవడి నోరని మూస్తావు?" అని తలుపు నెమ్మదిగా వేసేశాడు.

తిట్టి ఉంటే లిన్‌షాన్ బాగుపడేవాడేమో.

తర్వాత ఏళ్ళకేళ్ళు వాడు పెళ్ళి వీడియోలు తీసి బతికాడు. భార్య సూయున్ ఆసుపత్రిలో నర్సు. ఇల్లు నడిచింది ఆమె మీదే. పెళ్ళి వీడియోల్లోనూ వాడి బుద్ధి పోలేదు. ఒక పెళ్ళిలో విందు జరుగుతుంటే మూలన ఒంటరిగా కూర్చున్న పెళ్ళికూతురి అమ్మమ్మని నాలుగు నిమిషాలు కదలకుండా తీశాడు. పెళ్ళికూతురి నాన్న డిస్కు పట్టుకుని మీదకొచ్చాడు. "పెళ్ళి తియ్యమంటే ఇదేంటయ్యా? చూసినవాళ్ళంతా మా ముసలామె పోయిందా అని ఫోన్లు చేస్తున్నారు!" సూయున్ మధ్యలోకొచ్చి, ఆ నాలుగు నిమిషాలూ తీయించి పంపింది.

"మనుషులు తింటుంటే తియ్యి, తాగుతుంటే తియ్యి. ఊరికే కూర్చున్నవాళ్ళ జోలికి పోకు," అంది వాడితో.

"ఊరికే కూర్చున్నప్పుడే కదా మొహం కనిపించేది."

"కనిపిస్తే? ఆమె మొహం ఆమెని చూసుకోనీ."

రెండో సినిమాకి పదేళ్ళు పట్టింది. దక్షిణాదినుంచి హోటళ్ళున్న ఒకాయన డబ్బు పెడతానని ముందుకొచ్చాడు. ఈసారి అన్నీ అనుమతులతోనే. ఊరొదిలి వెళ్ళిన భార్యకోసం చలికాలమంతా రైలు స్టేషన్‌కి వెళ్ళివచ్చే ఒక బాయిలర్ మనిషి కథ. అనుమతులిచ్చేవాళ్ళు ముప్ఫై ఒక్క మార్పులు చెప్పారు. పొగ నల్లగా ఉండకూడదు. భార్య తిరిగి రావాలి. సారా తాగే చోట టీ పెట్టండి. చలికాలం తగ్గించండి. ఒక్కోటీ చూస్తే చిన్నదే, దానికోసం పోట్లాడ్డం సిగ్గుగా ఉండేది. అందుకని వాడు దేనికీ పోట్లాడలేదు. మార్పులయ్యాక హోటళ్ళాయన తనవంతుగా ఒక హాస్యగాణ్ణి, ఒక పాటని చేర్చాడు. నేను పట్టిన రైలు కూతలు తీసేసి వయొలిన్లు వేశారు.

మా ఊరి కొత్త థియేటర్లో పొద్దున ఎనిమిదీ యాభైకి ఒకే ఒక్క ఆట. లిన్‌షాన్, సూయున్, నేను, ఇంకో ముసలాయన. ఆయన లోపల వెచ్చగా ఉంటుందని వచ్చి టోపీ కళ్ళమీదికి లాక్కుని పడుకున్నాడు. సినిమా సగంలో సూయున్ వంగి అడిగింది, "ఇందులో నువ్వు తీసిందేమైనా ఉందా?"

"పట్టాలమీద మంచు కురిసేది నాదే," అన్నాడు. మంచు వచ్చి వెళ్ళింది. "సగం కోసేశారు," అన్నాడు.

నాలుగో రోజు తీసేశారు.

మేస్త్రీకి చక్కెర జబ్బు ముదిరి ఒక పాదం తీసేశారు. రెండేళ్ళు అరుగుమీదే ఉన్నాడు. పోయినప్పుడు లిన్‌షాన్‌కి ఎవరూ కబురు పెట్టలేదు. చావు సన్నాయి వినిపించి పోయిందెవరా అని కిందికి దిగాడట. ఊరేగింపు చివర, బంధువులకి పదడుగుల వెనక నడిచాడు. చావింటివాళ్ళు చేతికి కట్టుకునే నల్లపట్టీ ఎవరూ ఇవ్వలేదు, వాడూ అడగలేదు.

రెండు నెలలయ్యాక పిన్ని మాకు కబురు పంపింది. "ఆయన ఉన్న సినిమా నేనింతవరకూ చూడలేదు. డిస్కు ఇంటికి తేనివ్వలేదు. ఇప్పుడు పెట్టండి," అంది. లిన్‌షాన్ ల్యాప్‌టాప్ తెచ్చాడు, నేను స్పీకరు తెచ్చాను. తెల్లబారిన మధ్యాహ్నం, కిటికీ అద్దాలమీద మంచు పువ్వులు. పిన్ని చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. గేటులోంచి మేస్త్రీ ముందువరసలో నడుస్తూ వచ్చాడు.

"ఎంత చక్కగా నడుస్తున్నాడో. రెండు కాళ్ళతో," అంది.

షెడ్డులో ఆయన రోలర్ తుడుస్తున్నప్పుడు కూడా చిన్నగా నవ్వింది. "ఇంట్లో ఒక గిన్నె కడిగిన పాపాన పోలేదు." తర్వాత కాపలావాళ్ళు వచ్చారు. సినిమా మొత్తం అయిపోయి తెర నల్లబడ్డాక అడిగింది.

"అప్పుడు నువ్వు ఎంత దూరంలో ఉన్నావురా?"

"ఆరడుగులు పిన్నీ."

"ఆరడుగులు," అంది. లేచి వెళ్ళి మాకు వేడినీళ్ళు పోసి తెచ్చింది. మగ్గులు మా చేతికిచ్చాక నిలబడే అంది. "ఆ ముక్క తీసెయ్యగలవా? మిగతాదంతా ఉండనీ. ఆయన నడవడం, తుడవడం ఉండనీ. ఆ ముక్క లేకుండా చెయ్యి."

"చేస్తాను పిన్నీ," అన్నాడు లిన్‌షాన్.

అన్నంత మాత్రాన అవుతుందా? కొన్నాళ్ళకి, అప్పట్లో సంతకం పెట్టించుకున్న ఆ విదేశీ కంపెనీ దగ్గరనుంచే ఉత్తరం వచ్చింది. పాత సినిమాని శుభ్రం చేసి కొత్తగా వేస్తున్నామని, మళ్ళీ అదే పండగలో చూపిస్తామని. లిన్‌షాన్ ఎగిరి గంతేశాడు. బడిలో ఇంగ్లీషు చెప్పే టీచరమ్మ చేత జవాబు రాయించాడు. రెండు నిమిషాల నలభై సెకన్లు తీసెయ్యమని, ఎక్కడినుంచి ఎక్కడిదాకానో గీతలు గీసి పంపాడు. వాళ్ళు చాలా ప్రేమగా రాశారు. సినిమాకి ప్రాణమే ఆ ముక్క అని, దాని గురించి పుస్తకాలే వచ్చాయని, తీసేస్తే చరిత్రకి ద్రోహమని. అలాంటి ఉత్తరాలు నాలుగు నడిచాయి. నాలుగోదాంట్లో, మీరు సంతకం చేసిన ఒప్పందం ప్రకారం మార్పుల హక్కు మాది అని ఒక్క వాక్యం మర్యాదగా కలిపారు.

పట్నం వెళ్ళి లాయరుకి ఆ కాగితం చూపించాడు. నేనూ వెళ్ళాను.

"సంతకం మీదేనా?" అన్నాడు లాయరు.

"నాదే."

"చదివే పెట్టారా?"

"చదవలేదు. చదవడం రాదు."

"చదవలేదన్న సంగతి ఈ కాగితంలో ఎక్కడా లేదు కదండీ," అని మడిచి ఇచ్చేశాడు.

బస్సులో తిరిగొస్తూ లిన్‌షాన్ అన్నాడు, "ఆ రోజు కూడా నలభై సెకన్లకే ఫిల్ము విరిగి ఉంటే ఎంత బాగుండేదిరా." ఆ రోజు మైకు ముందుకి చాచింది ఈ చెయ్యే.

చివరికి వాడు తన దగ్గరున్న కాపీలో ఆ ముక్క కోసేశాడు. కోసిన చోట శబ్దం అతుక్కునేలా నేను సరిచేశాను. మేస్త్రీ రెండో రోలర్ తుడుస్తుంటాడు, తర్వాత ఖాళీ గేటు వస్తుంది. అంతే. ఏమీ తెలియనివాళ్ళు చూస్తే ఆయన ఇంకా లోపలే పనిచేసుకుంటున్నాడనుకుంటారు. ఆ డిస్కు పట్టుకెళ్ళి పిన్నికి ఇచ్చాం. ఆమె చూసి, తలాడించింది.

"ఇక ఎక్కడా లేదు కదా ఆ ముక్క?"

లిన్‌షాన్ నావైపు చూడలేదు. "లేదు పిన్నీ," అన్నాడు.

పండగకి రమ్మని టిక్కెట్టు పంపించారు. ఇప్పుడు పాస్‌పోర్టుకి అడ్డం లేదు. సూయున్ వెళ్ళమంది. "మోకాలు నెప్పి, అంతసేపు విమానంలో కూర్చోలేను," అన్నాడు. అది కూడా అబద్ధమేం కాదులే, మోకాలు నిజంగానే నెప్పి.

ఇది మొన్న శరత్తులో. క్యాబేజీ ఊరవేసే రోజులు. మా భవనం ముందు గట్టుమీద క్యాబేజీలు గోడలా పేర్చి ఉన్నాయి. లిన్‌షాన్ జాడీలో ఆకులు పరిచి ఉప్పు వేస్తున్నాడు, సూయున్ కడుగుతోంది, నేను ఇంకో జాడీ తుడుస్తున్నాను. పిన్ని ఎండలో ముక్కాలిపీట వేసుకుని మాకు పని చెబుతోంది. ఆమెకిప్పుడు ఎనభై దాటాయి. లిన్‌షాన్ ఫోను మోగింది. ఆ దుబాసీ అమ్మాయి పండగనుంచి వీడియో పంపింది. ఆవిడా ఇప్పుడు నడివయసుదే. తడిచేత్తోనే నొక్కాడు. పెద్ద హాలు. జనమంతా లేచి నిలబడి చప్పట్లు కొడుతున్నారు, ఆపడమే లేదు. వాళ్ళ వెనక తెరమీద, కొత్తగా శుభ్రం చేసిన బొమ్మలో, కిందపడ్డ మేస్త్రీ టోపీ నూలుపోగులతో సహా కనిపిస్తోంది.

"ఏంట్రా ఆ చప్పుడు?" అంది పిన్ని.

"ఎవరికో సన్మానం పిన్నీ."

"ఎవరికి?"

"తెలీదు," అని ఫోను జేబులో పెట్టుకున్నాడు. జేబులోంచి కూడా కాసేపు చప్పట్లు వినిపించాయి.

"ఉప్పు తక్కువేస్తున్నావు," అంది పిన్ని. "ఇంకో గుప్పెడు వెయ్యి, లేకపోతే చలికాలం మధ్యలోనే కుళ్ళిపోతుంది."

వాడు ఇంకో గుప్పెడు వేశాడు.